పదకొండు ఎక్స్

తలుపు మూశారు. మూసిన తీరులోనే అంతా ఉంది: చప్పుడు కానివ్వకుండా ముందు సగం, ఆ తరువాత నా వైపు ఒక చిరునవ్వు, ఆ తరువాత మిగతా సగం. "చిన్న రీటెస్టండీ, అంతే, మీరు కంగారు పడకండి" అన్నది హెడ్మిస్ట్రెస్. పద్నాలుగేళ్ల పిల్లను ఖాళీ తరగతి గదిలో ఒక్కదాన్నే బల్ల ముందు కూర్చోబెట్టి, ఎదురుగా ఇద్దరు పెద్దవాళ్లు కుర్చీలు వేసుకుని, నువ్వు దొంగవో కాదో తేల్చుకుందాం అంటే దాన్ని చిన్న రీటెస్టు అంటారన్నమాట, దానికి కంగారు పడకూడదన్నమాట. నేను కంగారు పడటం లేదు. వరండాలో బెంచీ మీద కూర్చున్నాను, అంతే. ఈ బెంచీ ఒకటో తరగతి పిల్లల కొలతలకు చేయించినది, నా మోకాళ్లు ఇంచుమించు గడ్డాన్ని అందుకుంటున్నాయి, చేతిసంచీ ఎక్కడ పెట్టినా జారిపోతోంది, గోడ మీద ఎవరో పిల్లవాడు పెన్సిలుతో గీసిన గుర్రానికి అయిదు కాళ్లున్నాయి, అయిదోది తోక కావచ్చు, తోకే అయితే ఆ చివరి గిట్ట ఎందుకు. నా మనవరాలు ఆ తలుపు అవతల ఉంది. లోపలికి వెళ్లేటప్పుడు వెనక్కి తిరిగి చూడలేదు. చూస్తే కళ్లు నిండుతాయని చూడలేదు, నిండితే వాళ్లు దాన్ని ఒప్పుకోలు కింద జమకడతారని దానికి తెలుసు, ఆ వయసు పిల్లకు తెలియవలసిన విషయమేనా ఇది. పిచ్చుక అంటాం దాన్ని ఇంట్లో, ఒక్కొక్క గింజా ఏరుకుని తిన్నట్టు తింటుందని. ఈ వారంగా ఆ ఒక్కొక్క గింజా కూడా లేదు.

నేరం ఏమిటంటే జవాబులు సరిగ్గా ఉండటం. ఇంతకంటే తక్కువ మాటల్లో చెప్పలేను. తరగతిలో పెట్టిన పరీక్షలో వర్గ త్రిపదులను కారణాంకాలుగా విడగొట్టమని ఇచ్చారు, అంటే ఎక్స్ స్క్వేరూ, ఎక్సూ, ఒక ఉత్త అంకే ఉన్న మూడు పదాల మూటను విప్పి, ఏ రెండు చిన్న మూటల్ని హెచ్చవేస్తే అది తయారైందో చెప్పమని. మిగిలిన పిల్లలందరూ మధ్య పదాన్ని రెండుగా చీల్చి, రెండేసి పదాలు జతకట్టి, ఉమ్మడిది బయటికి లాగి, అరపేజీ నింపి, సగం మంది చివర్లో తప్పు చేశారు. నా మనవరాలు ప్రశ్న రాసింది, పక్కనే జవాబు రాసింది, కాగితం ఇచ్చేసి కిటికీలోంచి చూస్తూ కూర్చున్నది. ఇప్పుడు లోపల కూర్చున్న ఆ లెక్కల మాస్టారు, పిల్లలు స్టెప్పుల మాస్టారు అని పేరు పెట్టిన ఆ యువకుడు, ఇదే వరండాలో నాతో ఏమన్నాడో నాకు అక్షరం పొల్లు పోకుండా గుర్తుంది.

"స్టెప్పులు లేవండీ."

"జవాబులు తప్పా?"

"కావండీ. అన్నీ కరెక్టే. అదే మా అనుమానం."

"తప్పు రాసి ఉంటే అనుమానం ఉండేది కాదా?"

"అలా అని కాదండీ... మామూలుగా పిల్లలు అలా రాయరు."

మామూలుగా. ఈ ఒక్క మాట మీద ఎన్ని పాఠశాలలు నిలబడి ఉన్నాయో! మామూలుగా రాయనిది దొంగది. అందుకని ఈ రీటెస్టు: మాస్టారు బోర్డు మీద నాలుగు లెక్కలు వేస్తాడు, నాలుగూ చెయ్యాలి, ఒక్కటి పోయినా రిపోర్టు మీద కాపీ అని రాస్తారు, లెక్కల ప్రత్యేక సెక్షన్‌లోంచి పేరు కొట్టేస్తారు. కాపీ అన్న రెండక్షరాలు ఒకసారి రిపోర్టెక్కితే పిల్ల ఏ బడికి వెళ్లినా దానికంటే ముందు వెళ్లి కుర్చీలో కూర్చుంటాయి. పైగా నాకు ఒక షరతు. "మరోలా అనుకోకండి" అన్నది హెడ్మిస్ట్రెస్, మరోలా అనుకోవడానికే ఆ మాట అంటారు, "మీరు ఆల్జీబ్రా పుస్తకాలు తయారుచేసినవారు కదా, మీరు లోపలికి వచ్చినా, బయటినుంచి ఒక్క మాట అందించినా టెస్టు రద్దవుతుంది, ఆ తరువాత మా చేతుల్లో ఏమీ ఉండదు." నేను తల ఊపాను. నాలిక మీద పన్నెండు వాక్యాలు వరసగా నిలబడి ఉన్నాయి, ప్రతిదీ సంపూర్ణంగా, కర్త కర్మ క్రియలతో సహా, అన్నింటినీ మింగాను. రాత్రి పిచ్చుక నన్ను ఒకటడిగింది, గోడ వైపు తిరిగి పడుకుని, "అమ్మమ్మా, రెండు తప్పు చేసి ఉంటే నన్ను నమ్మేవాళ్లా?" అని. నేను వెంటనే జవాబు చెప్పలేదు. చెప్పవలసింది. ఇప్పుడు లోపల కూర్చుని అది అదే ఆలోచిస్తూ ఉంటే, నమ్మించడానికి కావాలనే ఒకటి తప్పు చేస్తే, నాలుగూ సరిగ్గా చేస్తే మళ్లీ దొంగనే అవుతానని లెక్క కడితే, దానికి లెక్క కట్టడం బాగా వచ్చు, అదే కదా నా భయం.

చేతిసంచీ మళ్లీ జారింది. ఈ పిల్లకు ఎవరూ పాఠం చెప్పలేదు. నేను కూడా చెప్పలేదు, చెప్పి ఉంటే స్టెప్పులు వచ్చి ఉండేవి. అది ఆట. నా ఉద్యోగమంతా పాఠ్యపుస్తకాలకు అభ్యాసాలు తయారుచెయ్యడం, ఒక గదినిండా కాగితాలు, ముగ్గురం సంపాదకులం, నా వాటా బీజగణితం. కారణాంకాల లెక్క ఎలా తయారవుతుందో చదివేవాళ్లకు తెలియదు: ముందు జవాబు పుడుతుంది. మూడూ ఎనిమిదీ అని రెండు అంకెలు అనుకుంటాం, హెచ్చవేస్తాం, ఇరవై నాలుగు, కలుపుతాం, పదకొండు, ఆ మూడునూ ఎనిమిదినీ దాచేసి ఇరవై నాలుగునూ పదకొండునూ మాత్రం అచ్చువేస్తాం, పిల్లలు వెతుక్కుంటారు. దాచినవాడికి వెతకడం ఎంతసేపు! అందుకని పిచ్చుకకు జడ వేస్తూ, మెట్లు దిగుతూ, బఠాణీలు వలుస్తూ నేను లబ్ధం చెప్పేదాన్ని, మొత్తం చెప్పేదాన్ని, అది ఆ ఇద్దరూ ఎవరో చెప్పేది. లబ్ధం పన్నెండు, మొత్తం ఏడు. మూడూ నాలుగూ, పక్కింటివాళ్లే అమ్మమ్మా, ఇంకొంచెం దూరం వాళ్లను ఇవ్వు. దానికి మైనస్ అంకెలు అలిగినవాళ్లు. "అలిగినవాళ్లిద్దరు హెచ్చవేసుకుంటే రాజీ అయిపోతారు" అనేది, "కూడుకుంటే మాత్రం అలక రెట్టింపు." ఎనిమిదేళ్లప్పుడు అన్న మాట అది. ఇంత అర్థమైన పిల్లను ఇప్పుడు మధ్య పదాన్ని చీల్చి, జతకట్టి, బయటికి లాగి చూపించు, అప్పుడు నమ్ముతాం అంటారా. నడిచేవాణ్ణి నిలబెట్టి ముందు ఏ కాలు వేశావో రాసిమ్మంటే వాడు అక్కడే పడతాడు. పడాలనే అడుగుతారు.

ఫోను. సంచీ అడుగున, కళ్లజోడు పెట్టె కింద, ఎప్పుడూ అడుగునే. మా అమ్మాయి. ఆసుపత్రి లాబొరేటరీలో పని, సెలవు దొరకలేదు, గొంతు తగ్గించి మాట్లాడుతోంది, వెనకాల ఏదో యంత్రం గిర్రున తిరుగుతోంది.

"ఏమైందమ్మా?"

"లోపల ఉంది."

"నువ్వు?"

"బయట ఉన్నాను. బెంచీ చాలా పొట్టిది."

"అమ్మా, నీకు దణ్ణం పెడతాను, ఏమీ అనకు. ఏమీ అంటే ఏమీ. నీ మర్యాద మాటలు ఇంకా ప్రమాదం."

"నేనేమన్నాను?"

"ఇంకా ఏమీ అనలేదు కాబట్టే చెప్తున్నాను. పెట్టేస్తున్నా, ఎవరో వస్తున్నారు."

పెట్టేసింది. చిన్నప్పటినుంచీ అంతే ఇది, గొడవ అంటే ముందు తలుపులు వేసి తరువాత కారణం అడుగుతుంది. దాని మొగుడు ఇల్లు వదిలి వెళ్లిన రోజున కూడా నాతో అన్నది ఇదే, అమ్మా ఏమీ అనకు. నేను అనలేదు. అతను చెప్పులు వేసుకుంటుంటే గుమ్మం దగ్గర నిలబడి చూశాను. మంచివాడే, కూడితే బాగానే ఉండేవాళ్లు ఇద్దరూ, నలుగురిలో కూర్చుంటే నవ్వులే, ఒక ఇంట్లో రోజూ ఒకరినొకరు హెచ్చవేసుకోవలసి వచ్చేసరికి ఏ సంఖ్యకూ కుదరలేదు. ఎందుకు తలుచుకుంటున్నాను ఇప్పుడు. తలుపు. తలుపుకు పైభాగంలో ఒక అద్దం బిగించి ఉంది, జానెడు వెడల్పు. కూర్చుంటే సున్నం కొట్టిన కప్పు కనబడుతుంది, నిలబడితే బోర్డులో పైసగం కనబడుతుంది. పిల్ల కనబడదు. నిలబడకూడదని షరతులో లేదు కదా. నిలబడ్డాను.

మొదటిది x² + 7x + 12. అయ్యో నాయనా, ఇది పక్కింటివాళ్లే. రెండోది x² − 11x + 24, ఇద్దరు అలిగినవాళ్లు, మూడూ ఎనిమిదీ. మాస్టారు వీపు అద్దంలోకి వచ్చింది, పోయింది. మూడోది x² + 10x − 24, ఇక్కడ జాగ్రత్త, కంగారులో ఉన్న చెయ్యి ఆరూ నాలుగూ అనేస్తుంది, పది వస్తుంది కదా అని, చివర మైనస్ ఉందని చూడకుండా. చూడు తల్లీ, చివర చూడు, పన్నెండూ, అలిగిన రెండూ. నేను పెదవులు కదుపుతున్నానా? కదిపితే అందించినట్టవుతుందా? పెదవులు బిగించాను. అద్దంలో నా ముఖమే కనబడింది ఒక క్షణం, బోర్డు మీద అతికించినట్టు, ముసలి ముఖం, నుదురంతా ముడతలు, దీన్ని చూసి పిల్ల భయపడుతుందని పక్కకు జరిగాను.

"జరగండి మామ్మగారూ, నేల తడి చేస్తున్నా."

వరండా తుడిచే ఆయా. బకెట్టు నా కాళ్ల దగ్గరికి తన్నుకుంటూ తెచ్చింది, గుడ్డ పిండింది, నన్ను చూసింది, తలుపును చూసింది, అంతా అర్థమైపోయింది దానికి.

"మీ పిల్లేనా లోపల? సన్నగా, రెండు జడలు?"

"నా మనవరాలు."

"ఏం చేసిందేంటి?"

"లెక్కలు చేసింది."

ఆయా గుడ్డ కింద పెట్టింది. "లెక్కలు చేసినందుక్కూడా కూర్చోబెడుతున్నారా ఈ మధ్య? నేను చెయ్యనందుకు నిలబెట్టేవాళ్లు." తనే నవ్వింది, బకెట్టు ఇంకొంచెం తన్నింది, "నేను చెప్పేదా, మీరు కూర్చోండి. మీరిలా అద్దానికి అతుక్కుంటే పిల్లకు వేరే దిష్టి అక్కర్లేదు" అంటూ వెళ్లిపోయింది వరండా చివరికి. మంచి మాటే. కూర్చుందామనే అనుకున్నాను. అనుకుంటూ అద్దంలోకి మరొక్కసారి చూశాను, చూసేసరికి నాలుగోది రాయడం పూర్తయింది.

6x² + 11x + 10.

ఆరు, పదకొండు, పది. ఇది నాకు తెలుసు. తెలుసు అంటే, దీని పుట్టుక నాకు తెలుసు, ఒక వానాకాలపు మధ్యాహ్నం మా ఆఫీసు గదిలో కిటికీ మూసుకోక చినుకులు లోపలికి కొడుతుంటే నేను తయారుచేసిన లెక్క ఇది, 3x − 2 ను 2x + 5 తో హెచ్చవేసి. కాని నా లెక్కలో చివర మైనస్ పది. మైనస్. ఇక్కడ ప్లస్ ఉంది. నా కన్నా? ఎడమ కంటికి శుక్లం తీయించాను, కుడిది ఇంకా మసకగానే ఉంది, బోర్డు మీద పాత సుద్ద గీతలు అడ్డంగా నిలువుగా ఎన్నో ఉంటాయి, మైనస్ మీద ఒక పాత గీత పడితే ప్లస్‌లా కనబడవచ్చు. కుడి కన్ను మూసి చూశాను. ఎడమ కన్ను మూసి చూశాను. నిలువు గీత తెల్లగా, కొత్తగా, అడ్డగీత ఎంత లావుందో అంత లావుంది. ప్లసే.

ప్లస్ అయితే విడిపోదు. ఎక్స్ స్క్వేరు ముందు అంకె ఉంటే దాన్నీ చివరి అంకెనూ హెచ్చవేసుకోవాలి, ఆరును పదితో హెచ్చవేస్తే అరవై, లబ్ధం అరవై, మొత్తం పదకొండు కావాలి. ఒకటీ అరవై, అరవై ఒకటి. రెండూ ముప్పై, ముప్పై రెండు. మూడూ ఇరవై, నాలుగూ పదిహేను, అయిదూ పన్నెండు, ఆరూ పది. మొత్తం మెట్టు మెట్టుగా దిగుతూ వస్తుంది, పదహారు దగ్గర ఆగుతుంది, ఆ కింద మెట్లు లేవు. పదకొండు నేలకింద ఎక్కడో ఉంది. మధ్య పదాన్ని ఎన్ని రకాలుగా చీల్చినా ఆ ఇద్దరూ దొరకరు, ఎందుకంటే ఆ ఇద్దరూ లేరు. ఎవరూ దాచలేదు వాళ్లను.

ఇతను ఎందుకు చేశాడు ఇలా? పన్నాగమా? పిల్లను పడగొట్టడానికి కావాలని విడిపోనిది ఇచ్చాడా? నా కోపం ఆ జవాబునే కోరుకుంటోంది, కాని నేను కోపానికి ఇష్టమైన జవాబులు నమ్మే మనిషిని కాను. ఆ మెడ చూస్తే పన్నాగంలా లేదు. పుస్తకంలో ఉన్నది ఉన్నట్టు ఇస్తే పిల్ల బట్టీపట్టి ఉంటుందని భయపడ్డాడు, అందుకని గుర్తు మార్చాడు. అంతే. బోర్డు దగ్గర నిలబడి, అప్పటికప్పుడు, మైనస్‌ను ప్లస్ చేశాడు, చేస్తే కూడా విడిపోతుందని అనుకున్నాడు. ఎందుకు అనుకోడు? అయిదూ ఆరూ ఉన్నదాంట్లో గుర్తు మార్చినా విడిపోతుంది, పదీ ఇరవై నాలుగూ ఉన్నదాంట్లో మార్చినా విడిపోతుంది, చదువుకున్నన్నాళ్లూ, చెప్పినన్నాళ్లూ అతను చూసిన ప్రతి త్రిపదీ విడిపోయింది. బోర్డు మీద రాసినదల్లా విడిపోతుందని నమ్మడం మా వృత్తి మొత్తానికి పట్టిన జబ్బు. నిజానికి కళ్లు మూసుకుని ఏ మూడు అంకెలు ఏరినా దాదాపుగా అన్నీ విడిపోనివే, విడిపోయేవి అక్కడొకటీ ఇక్కడొకటీ, మేము వాటిని మాత్రమే ఏరి, కడిగి, వరసగా పేర్చి ఇదే ప్రపంచం అని పిల్లలకు చూపిస్తాం. నేను ఊరుకోలేదు. ప్రతి అభ్యాసంలోనూ ఒక్కటైనా విడిపోనిది ఉండాలని రాశాను, సమీక్షా సంఘంలో పెద్దమనుషులు కూర్చుని వాటిని ఒక్కొక్కటే కొట్టేశారు. "పిల్లలు బెంబేలెత్తుతారు మేడమ్" అన్నాడు అధ్యక్షుడు, టీ కప్పు పక్కకు పెడుతూ, "జవాబు లేని లెక్క ఇస్తే వాళ్లకు మన మీద నమ్మకం పోతుంది." పోనివ్వండి అన్నాను నేను. అందరూ నవ్వారు, నేను హాస్యమాడాననుకున్నారు. ఆ సంఘం కొట్టేసిన లెక్క ఇవాళ ఒక ఖాళీ తరగతిలో, ఒక్క పిల్ల ముందు, అచ్చుకాకుండానే ప్రత్యక్షమైంది. బెంబేలెత్తవలసినది ఆ పిల్ల ఒక్కతే.

ఇప్పుడు నేనేం చెయ్యాలి. తలుపు తోసి, మాస్టారూ, మీ ప్రశ్న తప్పు అంటే, నాలుగు మాటలు, టెస్టు రద్దు, అమ్మమ్మ అందించింది, ముందునుంచీ అందిస్తోంది, ఇదిగో మా కళ్లెదుటే అందించింది. తోయకపోతే పిల్ల ఆ మెట్ల మీద ఎక్కి దిగి ఎక్కి దిగి, తప్పు తనలోనే ఉందనుకుంటుంది. లేకపోతే పుస్తకంలో లెక్క గుర్తొచ్చి, ప్లస్‌ను చూసీ చూడనట్టు 3x − 2, 2x + 5 అని రాసేస్తుంది, అప్పుడు ఇతను గెలుస్తాడు, చూశారా, పుస్తకంలో జవాబు బట్టీ పట్టింది, ఇచ్చిన ప్రశ్న కూడా చూడలేదు. లేకపోతే అన్నింటికంటే ఘోరం, ఏదో ఒకటి రాస్తుంది, జవాబు కావాలి కనుక, పెద్దవాళ్లు అడిగారు కనుక. ఎంతమందిని చూశాను అలా, లేని అంకెలను పుట్టించి బల్ల మీద పెట్టినవాళ్లను. కలం ఆగిపోయి ఉంటుంది ఇప్పుడు. జడ చివర నోట్లో పెట్టుకుని నములుతూ ఉంటుంది. నా చెయ్యి తలుపు పిడి మీద ఉంది, ఎప్పుడు వేశానో తెలియదు, ఇత్తడి చల్లగా ఉంది, నా అరచెయ్యి దాన్ని వేడి చేస్తోంది. వద్దు. ఏమీ అనకు అమ్మా. తీస్తే పోతుంది, తియ్యకపోతే పోతుంది, ఈ రెంటిలో ఏది తక్కువగా పోతుందో కట్టి చూపించే స్టెప్పులు నా దగ్గరా లేవు.

తలుపు మీది వెంటిలేటరులోంచి కుర్చీ కిర్రుమన్న చప్పుడు.

"సార్, నాలుగోది విడిపోదు."

దాని గొంతే. సన్నగా, కొంచెం బొంగురుగా, వారం రోజులుగా వాడని గొంతు.

"విడిపోకపోవడం ఏమిటి?" మాస్టారు. "రాకపోతే రాదని చెప్పు. విడిపోదని చెప్పకు."

"అన్నీ చూశాను సార్."

"అన్నీ అంటే?"

కాగితం చప్పుడు. చదువుతోంది. ఒకటీ అరవై, అరవై ఒకటి. రెండూ ముప్పై, ముప్పై రెండు. నా మెట్లే, నా అడుగులోనే అడుగు వేసినట్టు, తొందర లేకుండా. "ఆరూ పదీ, పదహారు. ఆ తరువాత మళ్లీ వాళ్లే తిరగబడి వస్తారు సార్. రెండూ మైనస్ పెడితే మొత్తం మైనస్ అయిపోతుంది, పనికిరాదు. పదహారు కంటే కిందికి ఎవ్వరూ రారు. మీరు పదకొండు అడిగారు."

మాస్టారు అద్దంలోకి వచ్చాడు. చేతిలో సుద్దముక్క, బోర్డుకు దగ్గరగా, ఏదో రాయబోయాడు, రాయలేదు, పెదవులు కదులుతున్నాయి, లెక్క కడుతున్నాడు, చెవులు ఎర్రబడుతున్నాయి. ఆ వెనక నుంచి చూస్తే ఎంత చిన్నవాడు, మెడ మీద జుట్టు ఒకవైపు ఎత్తుగా కత్తిరించారు, చొక్కా వీపున ఇస్త్రీ ముడత. నాకు జాలి కలిగి ఉండేదేమో, ఆ తరువాత అతను చేసిన పని చెయ్యకపోతే. బొటనవేలితో, ఒక్క తుడుపు, ప్లస్‌లో నిలువు గీతను తుడిచేశాడు.

"ఆ, అది మైనస్. సుద్ద జారింది. ఇప్పుడు చెయ్యి."

సుద్ద జారిందట. కిందికి, తిన్నగా, అడ్డగీత నడిమధ్య నుంచి జారిందట.

"చెయ్యమ్మా" అన్నది హెడ్మిస్ట్రెస్, "తొందరగా చేసేస్తే అయిపోతుంది."

"చెయ్యను మేడమ్."

చెయ్యి తల్లీ. చేసెయ్యి. అది నీకు రెప్పపాటు పని, పదిహేనూ, అలిగిన నాలుగూ, రాసేసి బయటికి రా, వాళ్ల ముఖాన కొట్టి రా, మనం ఇంటికి పోదాం. ఇదా నేను అనుకుంటున్నది? నేనేనా? ఇంతసేపూ న్యాయం న్యాయం అని పళ్లు నూరి, దారి దొరకగానే పిల్లను దొడ్డిదారిన తీసుకుపోదామనుకుంటున్నది నేనేనా?

"ముందు ప్లస్ మళ్లీ పెట్టండి సార్."

"ఏమిటీ?"

"నేను రాసింది ప్లస్‌కి. నా కాగితం మీద ప్లస్ ఉంది, బోర్డు మీద మైనస్ ఉంది. ప్రశ్న కూడా సరిగ్గా ఎక్కించుకోలేదంటారు."

"ఎవరంటారు?"

వరండా చివర ఆయా గుడ్డ పిండుతోంది, నీళ్లు బకెట్లో పడుతున్నాయి, ఆ చప్పుడు ఇక్కడి దాకా వినబడుతోంది. అద్దంలో మాస్టారు కదలడం లేదు. అతను ఇప్పుడు గట్టిగా ఒక మాట అంటే చాలు, ఇదేం పొగరు అంటే చాలు, హెడ్మిస్ట్రెస్ అతని పక్షాన నిలబడుతుంది, నిలబడక తప్పదు, పిల్ల చెయ్యనన్నది, నలుగురూ విన్నారు. నా చేతి కింద పిడి తిరిగింది. నేను తిప్పలేదు, లేక తిప్పాను, నాలిక చివరిదాకా వచ్చిన వాక్యం ఏమిటో కూడా నాకు తెలియదు.

మాస్టారు సుద్దముక్క ఎత్తాడు. నిలువుగా గీశాడు. మొదటిసారి గీసినదానికంటే నెమ్మదిగా, దాని మీదే మరొకసారి, లావుగా. ఆ తరువాత వెనక్కి తిరగకుండానే అన్నాడు, "నేను గుర్తు మార్చాను మేడమ్. పుస్తకంలో మైనస్ ఉంది. మార్చితే విడిపోతుందో లేదో చూసుకోలేదు." అని, పిల్ల వైపు తిరిగి, "కాగితం ఇయ్యి."

తలుపు తెరుచుకుంది. తెరిచింది నేనే కాబోలు, పిడి నా చేతిలోనే ఉంది, ముగ్గురూ నా వైపు చూస్తున్నారు. పిచ్చుక ముఖం పాలిపోయి ఉంది, ఒక జడ చివర తడిసి ఉంది, కంట్లో మాత్రం తడి లేదు. నేను నోరు తెరవలేదు. అంత కోపంలోనూ తెరవలేదు, ఇంకా టెస్టు నడుస్తోందేమో అని.

"అయిపోయిందండీ" అన్నది హెడ్మిస్ట్రెస్, నా కళ్లలోకి కాక నా చేతిసంచీలోకి చూస్తూ. "కాపీ మాట మేము వెనక్కి తీసుకుంటున్నాం. సెక్షన్ కూడా మార్చడం లేదు. ఇప్పుడు మీరు మాట్లాడవచ్చు."

పన్నెండు వాక్యాలు. వరసగా నిలబడి ఉన్నవాటిలో ఒక్కటీ చేతికి రాలేదు. మాస్టారు కాగితం వెలుతురుకు పట్టుకుని చూస్తున్నాడు, పై మూడింటి దగ్గర కన్ను ఆగలేదు, అక్కడ ఎప్పటిలాగే ప్రశ్న, పక్కనే జవాబు, నాలుగో దాని దగ్గర మాత్రం కాగితం అడుగు దాకా వరసలు, జతలు, మొత్తాలు, ఒక్కొక్క దాని మీదా కొట్టివేత గీత.

"స్టెప్పులున్నాయా?" అని అడిగాను.

"ఉన్నాయండీ" అన్నాడు, కాగితం మీంచి తల ఎత్తకుండా. "దీనికి స్టెప్పులన్నీ రాసింది. జవాబు మాత్రం..." అని ఆగాడు. ఆ వాక్యాన్ని ఎలా ముగించాలా అని అతను అక్కడే నిలబడి వెతుక్కున్నాడు, నా వైపు చూశాడు, పిల్ల వైపు చూశాడు. నేను అందించలేదు.